ఐదు మూలల పలక

మనిషి మొదటిసారి నిప్పు రాజేసిన పూట ఏదో ఎవరూ రాసిపెట్టలేదు. చక్రం మొదట ఏ వాలులో దొర్లిందో కూడా తెలియదు. ఆ వరసలో చేరవలసిన మూడో మహా సంఘటన, మేస్త్రి మొట్టమొదటిసారి ఒక ఇంట్లోకి అడుగుపెట్టి, ఇంటివాళ్ళ ముఖాలు చూడకుండా ఇంటి నేల చూడడం. దాని విషయంలో చరిత్రకారులు చూపిన నిర్లక్ష్యం క్షమించరానిది. ఆ చూపు మొదట తెల్ల పలకల మీద పడిందా, ఎర్ర పలకల మీద పడిందా అన్నది ఈనాటికీ తేలలేదు. తేలింది ఒక్కటే. ఆ తర్వాత ఆయన ఎక్కడికి వెళ్ళినా ముందు కిందికే చూశాడు.

ఆస్పత్రిలో ఉన్న చుట్టాన్ని పలకరించబోయి, మంచం కింద రెండు పలకలు ఎత్తుపల్లాలుగా ఉన్నాయని రూఢి చేసుకున్నాకే "ఎలా ఉంది ఒంట్లో?" అన్నాడు. చావు జరిగిన ఇంట్లో ఆయన తల వంచుకుని నిలబడితే, పాపం ఎంత కుమిలిపోతున్నాడో అని నలుగురూ జాలిపడ్డారు. ఆయన కుమిలిపోతున్న మాట నిజమే. కాకపోతే అది గడప దగ్గర సందుల్లో తెల్ల సిమెంటు సరిగా నింపనందుకు. ఇక పెళ్ళి మాటలకని వెళ్ళిన రోజున, కాబోయే మావగారు "కుర్రాడు ఎంత అణకువ! తల ఎత్తలేదు" అని మురిసిపోయి అక్కడికక్కడే సరేనన్నాడు. ఆ అణకువ వెనక సంగతి మేస్త్రి భార్యకు పెళ్ళయిన మర్నాడు తెలిసింది.

"మీ ఇంట్లో తలుపు దగ్గర మూడో పలక కింద డొల్లగా ఉంది. నాన్నగారికి చెప్పు," అన్నాడట.

"నన్ను చూశావనుకున్నాను," అందావిడ.

"చూశాలే. వెళ్ళేటప్పుడు."

అప్పటి నుంచీ ఆయనకు ఊళ్ళో నేలచూపుల మేస్త్రి అనే పేరు స్థిరపడిపోయింది. తప్పు చేసినవాడు చూసేవి నేలచూపులు. మన మేస్త్రి మాత్రం ఇతరుల తప్పులు పట్టుకోవడానికి చూసేవాడు. ఆ తేడా ఊరికి పట్టలేదు.

పనిలో ఈ చూపు ఒక తంతుగా ముదిరింది. కొత్త గది అప్పగించగానే మేస్త్రి గది నడిమధ్యన ఒక బకెట్టు బోర్లించుకుని కూర్చునేవాడు. దారం పట్టేవాడు కాదు, కొలత తీసేవాడు కాదు. ఊరికే చూసేవాడు. చూస్తూ చూస్తూ ఉండగా ఇంకా పరచని పలకలన్నీ ఆయన కళ్ళ ముందు వాటంతట అవే పరుచుకునేవి. ఏ మూల ముక్క పడుతుందో, ఏ గోడ వంకర తిరిగిందో అన్నీ కనపడేవి. తెచ్చి పెట్టిన టీ చల్లారి మీగడ కట్టేది. ఆ కాసేపూ గదిలో ఎవరూ నోరు మెదపకూడదు. ఒక ఇంటాయన ఆ నియమం తెలియక "ఫ్యాను వెయ్యనా మేస్త్రీ?" అని అడిగితే, మొత్తం మళ్ళీ మొదటి నుంచి చూడాల్సి వచ్చింది.

ఆ నియమాన్ని అక్షరాలా పాటించినవాడు ఒక్కడే ఉన్నాడు. మేస్త్రి తోడల్లుడు. అంటే మేస్త్రి భార్య చెల్లెలి మొగుడు. పలకలు కోసే మిషను అతని చేతిలో ఉండేది కనుక అందరూ అతన్ని కోతలాయన అనేవారు. నిజానికి కోతలు కొయ్యడం అతనికి చేతనే కాదు. నోట్లో నాలుక లేని మనిషి. రోజుకు నాలుగు మాటలు మాట్లాడితే అందులో మూడు "సరే అన్నయ్యా." నాలుగోది దగ్గు.

ఇద్దరి మధ్యా ఎప్పుడో ఒక ఒప్పందం కుదిరింది. మేస్త్రి పరుస్తాడు, ఆయన తమ్ముడూ అని పిలిచే కోతలాయన కోస్తాడు. మేస్త్రి మిషను ముట్టుకోడు, తమ్ముడు తాపీ ముట్టుకోడు. మేస్త్రి మోకాళ్ళ మీద వంగి, చెయ్యి వెనక్కి చాపితే చాలు, సరిగ్గా ఆ మూలకి పట్టే ముక్క ఆ చేతిలో పడేది. కొలత చెప్పే పనే లేదు. పాత టైరు ట్యూబు కోసి మోకాళ్ళకి కట్టుకోమని ఇచ్చింది కూడా ఆ తమ్ముడే. "మీ ఇద్దరిదీ ఒకటే ఒళ్ళు, చేతులు మాత్రం నాలుగు," అనేది మేస్త్రి భార్య. చూసేవాళ్ళకి అలాగే ఉండేది. ఆ నాలుగు చేతులకీ ఉన్న నోరు మాత్రం ఒక్కటేనని, అది ఎప్పుడూ మేస్త్రిదేనని అప్పట్లో ఎవరికీ తట్టలేదు.

ఇలా ఉండగా ఐదుగురు అన్నదమ్ములు ఒక పెద్ద హాలు కట్టారు.

లారీల వ్యాపారం చేసే ఈ ఐదుగురూ తండ్రి పోయాక వేరుపడలేదు. అదొక వింతగా లోకం చెప్పుకునేది. వేరుపడకుండా ఉండడానికి వాళ్ళు పడే పాట్లు చూస్తే వేరుపడడమే సుఖమనిపిస్తుంది. ఆఫీసులో ఐదు కుర్చీలు, ఒకే ఎత్తు. ఐదు బల్లలు, ఒకే చెక్క. గోడ మీద ఐదు ఫోటోలు. వాటి మేకులు కూడా ఒకే వరసలో ఉన్నాయో లేదోనని నాలుగోవాడు అప్పుడప్పుడూ స్టూలెక్కి చూసుకునేవాడు. తండ్రి పేరు మీద కట్టిన ఈ హాల్లో పెళ్ళిళ్ళూ మీటింగులూ జరగాలనీ, వచ్చినవాళ్ళందరికీ తమ ఐకమత్యం కాళ్ళ కింద కనపడాలనీ వాళ్ళ కోరిక.

"ఐదు మూలల పలక కావాలి మేస్త్రీ," అన్నాడు పెద్దవాడు.

"ఐదు భుజాలూ సమానంగా ఉండాలి," అన్నాడు రెండోవాడు.

"వెంట్రుకవాసి తేడా రాకూడదు," అన్నాడు నడిమివాడు.

"వస్తే ఎవరి భుజం తగ్గిందనే మాట వస్తుంది," అన్నాడు నాలుగోవాడు.

చిన్నవాడికి చెప్పడానికేమీ మిగల్లేదు. "అంతే," అన్నాడు.

"మధ్యలో వేరే ఆకారాలు దూర్చకూడదు. మొత్తం హాలంతా అవే. చేయగలవా?" అన్నాడు పెద్దవాడు మళ్ళీ.

మేస్త్రి ఆఫీసు నేల వంక చూస్తూ, "అదెంత పని?" అన్నాడు.

ఈ రెండు మాటల వెనక పెద్ద తర్కమే ఉంది. ఆయన జీవితంలో మూడు మూలల పలకలు పరిచాడు, కలిశాయి. నాలుగు మూలలవి పరిచాడు, వాటికి లెక్కే లేదు. ఆరు మూలలవి, తేనెపట్టులా ఉండేవి, ఒక డాక్టరుగారి వరండాలో పరిచాడు, అవీ కలిశాయి. నాలుగు కలిసి, ఆరు కలిశాక, మధ్యలో ఉన్న ఐదు కలవకుండా ఎక్కడికి పోతుంది? ఏడు ఎలా ఉంటుందో ఆయనకు అనుమానం ఉండేది గాని ఐదు మీద ఎప్పుడూ లేదు. పైగా ఆయన చేత్తో పలక కోసి ఎన్నేళ్ళయిందో! ఐదు మూలల ముక్క ఒక్కటైనా ఆయన చేతిలోకి వచ్చిన పాపాన పోలేదు. అట్టముక్కలు కత్తిరించి నేల మీద పేర్చి చూసుకుంటే పోయేది. కానీ కళ్ళతో పరిచేవాడు అట్టముక్కలు పేర్చుకోవడమంటే, అది వంట మనిషి ఉప్పు చూడమని ఎదురింటికి గరిటె పంపడం లాంటిది.

ఆ సాయంత్రం ఖాళీ హాల్లో బకెట్టు బోర్లించుకుని కూర్చున్నాడు. తమ్ముడు గోడకి చేరగిలబడి గొంతుకూర్చున్నాడు. కిటికీల్లోంచి పడిన ఎండ నేల మీద ఒక పక్క నుంచి ఇంకో పక్కకి జరిగింది. ఈసారి పలకలు పరుచుకోవడానికి కొంచెం మొరాయించిన మాట వాస్తవం. ఒక చోట కుదిరితే ఇంకో చోట మసకగా ఉంది. వయసు మీద పడి చూపు మందగించిందనుకున్నాడాయన. ఆ మసకకి ఆయనకి తోచిన కారణం అదొక్కటే.

లేచి, మోకాళ్ళు దులుపుకుని, "ఏమంటావు తమ్ముడూ?" అన్నాడు.

తమ్ముడు మిషను చక్రానికి అంటిన దుమ్ము వేలితో తుడుస్తూ, "నేననేదేముందన్నయ్యా! నువ్వు చూశావుగా," అన్నాడు.

ఆ మాట మేస్త్రికి ఎంతో తృప్తినిచ్చింది. ఆ తృప్తిలోనే ఇంటికి వెళ్ళి, భోజనం దగ్గర భార్యకు మనసులో మాట చెప్పాడు. మోకాళ్ళు ఇక మొండికేస్తున్నాయి. ఈ హాలే ఆఖరి పెద్ద పని. ఇది కాగానే ముఠాని, మేస్త్రి పెద్దరికాన్ని తమ్ముడికి అప్పగించి తను పక్కకి తప్పుకుంటాడు. "కానీ ఇప్పుడే ఎవరితోనూ అనకు. ఆఖరి పలక వేసిన రోజు నలుగురిలో నేనే చెప్పాలి," అన్నాడు.

"నాకెందుకూ! నేనెవరితో అంటాను?" అందావిడ.

కార్ఖానాలో అచ్చు చేయించారు. బూడిద రంగు సిమెంటు పలకలు, అంచున సన్నటి ఎర్ర గీత. పలక అచ్చులోంచి రాగానే నీళ్ళ తొట్టిలో నానాలి, ఆ పైన నీడలో వారాల తరబడి ఆరాలి. కార్ఖానా చుట్టూ తిరిగే పని తమ్ముడు తన మీద వేసుకున్నాడు. "నీకెందుకన్నయ్యా ఆ దూరం! మోకాళ్ళు నొప్పెడతాయి," అన్నాడు. అంత పొడుగు మాట అతని నోట రావడం అరుదు. మేస్త్రికి కళ్ళు చెమర్చాయి.

తొలి పలక వేసే రోజున ఐదుగురు అన్నదమ్ములూ ఒకే రకం చొక్కాల్లో వచ్చారు. మేస్త్రి హాలు మధ్యన మొదటి పలక పెట్టాడు. రబ్బరు సుత్తితో తట్టి, రసమట్టం ఆనించి, బుడగ మధ్యకి వచ్చేదాకా చూశాడు. దాని పక్కన రెండోది పెట్టాడు, అంచుకి అంచు ముద్దుగా కలిసింది. రెండింటి మూలలూ కలిసిన చోట మూడోది పెట్టాడు.

సందు మిగిలింది.

మూడో పలక తీసి తిప్పి పెట్టాడు. సందు అలాగే ఉంది, సన్నటి ముక్కలా, నవ్వుతున్న నోరులా. మూడూ తీసి వేరే మూడు పెట్టాడు. అదే సందు, అదే నవ్వు. సరే, నాలుగోది అందులో దూరుతుందేమోనని చూస్తే, అది పక్కదాని మీదికెక్కి కూర్చుంది. మూడు పెడితే చాలవు, నాలుగు పెడితే పట్టవు. "అచ్చు తేడా వచ్చింది," అన్నాడు మేస్త్రి. పలక మీద పలక పెట్టి ఒక్కొక్క మూలా చూశాడు. అన్ని మూలలూ ఒకదానికొకటి అచ్చుగుద్దినట్టున్నాయి. అచ్చులో తప్పు లేదు.

ఆ హాల్లో ఆ రోజు జరిగినదాన్ని ఇలా చెప్పుకోవచ్చు. నేల మీద ఒక చుక్క పెట్టి, దాని చుట్టూ పలకల మూలలు చేరిస్తే, అన్నీ కలిసి పూర్తిగా ఒక చుట్టు తిరగాలి. చుట్టంటే మూడు వందల అరవై డిగ్రీలు. ముక్కోణం పలక మూల అరవై, ఆరు చేరిస్తే చుట్టు పూర్తి. చదరం మూల తొంభై, నాలుగు చాలు. ఆరు మూలల పలకకి నూట ఇరవై, మూడు సరిపోతాయి. ఐదు మూలల పలకకి నూట ఎనిమిది. మూడు పెడితే మూడు వందల ఇరవై నాలుగు, ఇంకా ముప్ఫై ఆరు డిగ్రీల ఖాళీ. నాలుగు పెడితే చుట్టు దాటి పొంగిపోతుంది. ఏడూ, ఎనిమిదీ, ఆ పైవాటి సంగతి మరీ అన్యాయం. వాటి మూలలు ఎంత వెడల్పంటే, రెండు పెడితే వెలితి, మూడు పెడితే ఇరుకు. భుజాలన్నీ సమానంగా, మూలలన్నీ సమానంగా ఉండే ఆకారాలు లెక్కలేనన్ని ఉన్నా, పక్కవాడి సాయం లేకుండా నేలంతా నిండగలిగినవి ఆ మూడే. ఈ నియమం మేస్త్రి పుట్టకముందు నుంచీ అమల్లో ఉంది. ఆయన బకెట్టు మీద కూర్చున్న రోజున కూడా ఉంది.

"ఆ సందులో సిమెంటు పెట్టేస్తే పోలా?" అన్నాడు పెద్దవాడు.

"ఏ పలక పక్కన పెడతారు?" అన్నాడు నాలుగోవాడు వెంటనే.

"సన్న ముక్క కోసి దూరిస్తే?" అన్నాడు రెండోవాడు.

"ఐదుగురి మధ్యన ఆ ఆరోవాడెవడన్నయ్యా?" అన్నాడు నడిమివాడు. అతని గొంతులో నిజంగానే అనుమానం ఉంది. ఐదుగురూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ఇన్నేళ్ళ ఐకమత్యం ఆ ముప్ఫై ఆరు డిగ్రీల్లో జారిపడేలా ఉంది.

అప్పుడు గోడ దగ్గర నుంచి ఒక గొంతు వినపడింది. అది ఎవరిదో మేస్త్రికి వెంటనే తెలియలేదు. అంత గట్టిగా అతను మాట్లాడగా ఎన్నడూ వినలేదు మరి.

"ఆరు మూలలది వేద్దామండీ," అన్నాడు తమ్ముడు.

తన సంచిలోంచి ఒక పలక తీశాడు. బూడిద రంగు, అంచున సన్నటి ఎర్ర గీత, ఆరు మూలలు. ఐదుగురి మధ్యన నేల మీద పెట్టాడు. "ఐదు భుజాలు మీరు. ఆరో భుజం నాన్నగారు. ఎటు చూసినా ఒక్కొక్కరూ ఇంకొకరిని ఆనుకునే ఉంటారు. సందుండదు. ఇంకొకరు దూరే వీలుండదు," అన్నాడు.

చిన్నవాడు కళ్ళు తుడుచుకున్నాడు. "నాన్న," అన్నాడు. ఈసారి అతనికి అనడానికి ఒక మాట మిగిలింది. పెద్దవాడు కోతలాయన భుజం మీద చెయ్యి వేశాడు.

ఆ గొడవలో ఎవరూ చూడనిది మేస్త్రి చూశాడు. వంగి ఆ ఆరు మూలల పలకని చేతిలోకి తీసుకున్నాడు. వేలి కణుపుతో తట్టాడు. పచ్చి పలక తడితే మొద్దుగా మోగుతుంది. ఇది ఖంగుమంది. బాగా నాని, బాగా ఆరి, నీడలో వారాల తరబడి ఉన్న పలక. ఐదు మూలలవి అచ్చు పోసిన రోజునే ఇదీ పోశారు, లేదా అంతకు ముందే. అంటే ఇది ఈ పూట పుట్టిన ఉపాయం కాదు. ఐదు మూలల పలకలు కలవవని తెలిసినవాడెవడో, కలవని రోజు కోసం దీన్ని ఆరబెట్టుకుని, సంచిలో పెట్టుకుని, గోడకి ఆనుకుని కూర్చున్నాడు.

మేస్త్రి కాళ్ళ కింద నేల కదిలింది. ఏళ్ళ తరబడి నేల తప్ప ఇంకేమీ చూడనివాడికి ఆ కదలడం మరీ స్పష్టంగా తెలుస్తుంది.

"పెద్దవారు, మీకు మోకాళ్ళ నొప్పులట కదా! ఈ పని మీ తమ్ముణ్ణి చూసుకోమందాం. మీరు పక్కనుండి సలహా చెబుదురుగాని," అన్నాడు పెద్దవాడు, ఎంతో మర్యాదగా. ఆ మోకాళ్ళ సంగతి వాళ్ళ చెవిన ఎవరు వేశారని మేస్త్రి అడగలేదు. తాపీ కడిగి, పాత గుడ్డలో చుట్టుకుని, ఎవరి ముఖమూ చూడకుండా బయటికి వచ్చేశాడు. ముఖాలు చూడకపోవడం ఆయనకు అలవాటే కనుక ఎవరూ ఏమీ అనుకోలేదు.

మర్నాడు పొద్దున తమ్ముడు ఆయన రసమట్టం ఇచ్చిపోదామని వచ్చాడు. మేస్త్రి వాకిట్లో కుర్చీలో ఉన్నాడు. లోపల మేస్త్రి భార్య గిన్నెలు తోముతోంది. మామూలుగా అయ్యే చప్పుడుకి నాలుగింతలవుతోంది.

"ఇది హాల్లో మర్చిపోయావన్నయ్యా."

"మర్చిపోలేదు. వదిలేశాను." మేస్త్రి దాన్ని అందుకోలేదు. "ఎప్పటి నుంచి తెలుసు?"

తమ్ముడు నీళ్ళు నమిలాడు. "ఆ డాక్టరుగారి వరండా పని అప్పటి నుంచి. మధ్యాన్నం పూట నువ్వు కునుకు తీస్తుంటే, మిగిలిన ముక్కల్ని ఊరికే ఐదు మూలలు వచ్చేలా కోసి పేర్చాను. కలవలేదు."

"మరి చెప్పలేదేం?"

"నువ్వు నేల చూసేటప్పుడు ఎవరూ మాట్లాడకూడదన్నావు."

"అది చూసేటప్పుడురా! తర్వాత అడిగానుగా, ఏమంటావని?"

"అది అడగడమా అన్నయ్యా?" తమ్ముడు మొదటిసారి తలెత్తాడు. "ఇన్నేళ్ళలో ఎన్నిసార్లు ఏమంటావన్నావు! ఒక్కసారైనా నేను చెప్పేదాకా ఆగావా? నేను సరే అన్నా, దగ్గినా నీకు ఒకటే. అప్పటికే నువ్వు తాపీ తీసేసేవాడివి."

"అందుకని నలుగురిలో నన్ను నవ్వులపాలు చేస్తావా? కాదని ఒక్క ముక్క అంటే నోరు పడిపోయేదా? నీ సంచిలో పలక ఆరడానికి అన్ని వారాలు పట్టిందే, ఒక్క రోజైనా నీకు అన్నం ఎలా దిగింది?"

తమ్ముడు రసమట్టం చెయ్యి మార్చుకున్నాడు.

"ఈ హాలు కాగానే అంతా నీకే అప్పగిద్దామనుకున్నానురా," అన్నాడు మేస్త్రి. ఆ మాట తన చేతిలో మిగిలిన ఆఖరి ఆయుధమని ఆయన అనుకున్నాడు. దానితో తమ్ముడు కూలబడి ఏడవాలి.

తమ్ముడు, "తెలుసు," అన్నాడు.

లోపల గిన్నెల చప్పుడు ఆగిపోయింది.

"ఎలా తెలుసు?"

"వదిన మా ఇంటిదానితో అంది. అది నాతో అంది."

"తెలిసీ చేశావా?"

"నువ్వు ఇస్తే, అది ఎప్పటికీ నువ్వు ఇచ్చిందే అవుతుందన్నయ్యా. నలుగురిలో నువ్వు చెబుతావు, అందరూ నిన్ను మెచ్చుకుంటారు, నేను అప్పుడు కూడా సరే అనాలి." అతను ఒక అడుగు ముందుకు వేశాడు. "ఒక్క నేలైనా నా అంతట నేను పరవాలనుకున్నాను."

"పరువు. బాగా పరువు," అన్నాడు మేస్త్రి. "నా గడప మాత్రం తొక్కకు."

రసమట్టం అరుగు మీద పెట్టి తమ్ముడు వెళ్ళిపోయాడు. మేస్త్రి లోపలికి చూశాడు. భార్య తలుపు దగ్గర తడి చేతులతో నిలబడి ఉంది.

"ఎవరితోనూ అననన్నావు."

"చెల్లితో కదా అన్నాను! చెల్లి ఎవరో అవుతుందా?" అందావిడ. తడి చేతులు కొంగుకి తుడుచుకుంటూ, "వాడిలా చేస్తాడని నేను కలగన్నానా?" అంది. ఏడుపు ముఖం పెట్టింది గాని, ఆ ఏడుపు మొగుడి కోసమో, చెల్లెలి మొగుడి మీద కోపంతోనో, రేపటి నుంచి చెల్లెలింటికి ఎలా వెళ్ళాలన్న బెంగతోనో మేస్త్రికి తేలలేదు.

తోడల్లుళ్ళ మధ్య యుద్ధం అలా మొదలైంది. ఆ ఇద్దరూ ప్రకటించిన యుద్ధంలో వాళ్ళ పెళ్ళాలు చేరలేదు. అక్కాచెల్లెళ్ళు మామూలుగానే ఫోన్లు చేసుకున్నారు, మామూలుగానే గిన్నెల్లో కూరలు పంపుకున్నారు. మేస్త్రి ఆ కూర ఎక్కడి నుంచి వచ్చిందో తెలిసీ తెలియనట్టు తిని, "ఉప్పెక్కువైంది," అనేవాడు. పెద్ద పనులు మానేశాడు. వంటింటి గట్లూ, మెట్లూ, చిన్న చిన్న గదులూ, అన్నీ చదరపు పలకలే. ముక్క కావాల్సి వచ్చి, అలవాటు కొద్దీ చెయ్యి వెనక్కి చాపేవాడు. చేతిలో ఏదీ పడేది కాదు. చాపిన చెయ్యి చటుక్కున వెనక్కి తీసుకుని, ఎవరైనా చూశారేమోనని మాత్రం పైకి చూసేవాడు.

పనికిరాని ఐదు మూలల పలకలు అన్నదమ్ములు ఆయన పెరట్లోనే దింపించారు. ఒకటి మేస్త్రి భార్య వేడి గిన్నెల కింద వాడుకుంది. మిగిలినవాటితో మేస్త్రి మధ్యాన్నాలు కుస్తీ పట్టేవాడు. ఇలా పేర్చి, అలా పేర్చి, గుండ్రంగా తిప్పి, పువ్వులా చేసి చూశాడు. ఎంత బతిమాలినా ఎక్కడో ఒక సందు నోరు తెరిచేది. అట్ట మీద గీసి ఏడు మూలలవీ, ఎనిమిది మూలలవీ కూడా కత్తిరించాడు. ఇప్పుడిక అట్టముక్కలకి సిగ్గుపడడానికి ఏముంది? ఎనిమిది మూలలవి కలిసినట్టే కలిసి మధ్యన చదరపు గుంట పెట్టాయి. ఏడు మూలలవి చూస్తుంటేనే ఒళ్ళు మండింది.

"ఆ ఐదు నిన్నేం చేసిందని పొద్దస్తమానం దానితో పోట్లాట?" అంది భార్య ఒక రోజు.

"మోసం చేసింది," అన్నాడు.

ఆ మాట అన్నాక చేతిలో పలక కాసేపు అలాగే పట్టుకుని కూర్చున్నాడు. మోసం అనడం న్యాయం కాదని ఆయనకే తోచింది. ఐదు మూలల పలక ఎవరికీ మాట ఇవ్వలేదు. కలుస్తానని ఎన్నడూ అనలేదు. ఆయనే నాలుగునీ ఆరునీ చూసి, దాని తరఫున తనకు తానే మాట ఇచ్చుకున్నాడు. మాట ఇచ్చినట్టు ఇన్నేళ్ళూ వెనక కూర్చుని, చాపిన చేతిలో ముక్కలు పెట్టినవాడు వేరే ఉన్నాడు. పలకల్ని గోడ పక్కకి చేర్చి గోనెపట్టా కప్పేశాడు. కోపం మాత్రం కప్పలేదు. కోపాన్ని సరైన చిరునామాకి మళ్ళించాడు, అంతే.

ఈలోగా ఆ హాలు నేల ఊళ్ళో మాటైంది. వెళ్ళొచ్చినవాళ్ళంతా తేనెపట్టులా ఉందనీ, వేలిగోరు దూరే సందు లేదనీ చెప్పుకొచ్చారు. తమ్ముడికి పని మీద పని వచ్చింది. అతనిప్పుడు గలగలా మాట్లాడుతున్నాడని కూడా ఎవరో అన్నారు. మేస్త్రి ఆ వీధి వైపే వెళ్ళేవాడు కాదు. కానీ చూడని ఆ నేల ఆయన కళ్ళ ముందు రోజూ పరుచుకునేది. ఎక్కడో ఒక పలక డొల్లగా ఉండి తీరాలని, తలుపు దగ్గర ఒక వరస వంకర పోయి ఉండాలని మనసులో కోరుకునేవాడు. మరుక్షణమే, తన దగ్గర ఇన్నేళ్ళు పనిచేసినవాడు వరస వంకర వేస్తాడా అని చిరాకుపడేవాడు. రెండింట్లో ఏది నిజమైతే తనకు ఊరట కలుగుతుందో ఆయనకే తెలియదు.

ఏళ్ళు గడిచాయి. తమ్ముడి కూతురి పెళ్ళి కుదిరింది. పెళ్ళి ఆ హాల్లోనే. పిలవడానికి తండ్రి రాలేదు. పెళ్ళికూతురే వచ్చింది.

"పెదనాన్నా, నువ్వు రాకపోతే నేను పీట మీద కూర్చోను."

"మీ నాన్న పంపాడా?"

"నాన్నకి తెలిస్తే వద్దనేవాడు. నీకన్నా మొండి. ఇద్దరూ ఇద్దరే, ఒక్క అచ్చులో పోసినట్టుంటారు." కుర్చీ లాక్కుని ఎదురుగా కూర్చుంది. "నువ్వు వచ్చి ఆ నేల చూడాలని నాన్నకి ఉంది. నోటితో అనడు. ఎవరైనా బాగుందని మెచ్చుకుంటే, 'అన్నయ్య చూడలేదు' అంటాడు. అంతే, ఇంకేమీ అనడు. నాకు వినీ వినీ విసుగొచ్చింది."

మేస్త్రి నేల వంక చూశాడు. "టీ తాగి వెళ్ళవే," అన్నాడు చివరికి. వస్తానన్న మాట దానికన్నా స్పష్టంగా చెప్పడం ఆయనకు రాదు.

పెళ్ళి రోజున మేస్త్రి ఉతికిన చొక్కా వేసుకుని, భార్య పక్కన నడుస్తూ హాలు దగ్గరికి చేరాడు. గుమ్మం దాకా వచ్చాక చెప్పులు విప్పి పక్కన పెట్టాడు. లోపల ఐదుగురు అన్నదమ్ములు ఒకే రకం చొక్కాల్లో వరసగా నిలబడి ఉన్నారు. తమ్ముడు తలుపు పక్కనే ఉన్నాడు. జుట్టు నెరిసింది. వదినని పలకరించాడు గాని, చూపు మాత్రం మేస్త్రి మీదే ఉంది. ఊళ్ళో సగం మందికి ఈ కథ తెలుసు. గుమ్మం దగ్గరున్నవాళ్ళ మాటలు సద్దుమణిగాయి. ఆయన ఏమంటాడోనని అందరూ ఎదురుచూస్తున్నారు.

మేస్త్రి లోపలికి అడుగుపెట్టి, తల వంచి చూశాడు.

హాలంతా ఈ గోడ నుంచి ఆ గోడ దాకా కార్పెట్ అంటించి ఉంది. కుర్చీలు జరిపితే చప్పుడవుతోందని క్రితం వారమే వేయించారట.